ఉడుత నవ్వు

పదకొండేళ్ళ పాటు నేను ఉడుతను. పద్మారావు నగర్‌లో మా వీధిలో ఈ సంగతి తెలిసినవాళ్ళు నలుగురో ఐదుగురో ఉండేవారు. వాళ్ళు కూడా నమ్మి కాదు, ఎందుకొచ్చిన గొడవ అని తలూపేవారు. వాళ్ళ తప్పేమీ లేదు. నన్ను చూస్తే బడి పంతులమ్మ అని పది గజాల దూరం నుంచే తెలిసిపోతుంది. గంజి పెట్టిన నేత చీర, చంకలో గొడుగు, ఎవరినో కోప్పడటానికి బయల్దేరినట్టుండే మొహం. సాయంత్రం నాలుగున్నరకు టీవీలో చెట్ల మీద గెంతే ఉడుత నోట్లోంచి వచ్చేది ఈవిడ గొంతంటే ఎవరు మాత్రం ఎందుకు నమ్మాలి?

పేరు పడేది కాదు. కేబుల్ టీవీ వచ్చిన కొత్తలో పైదేశాల బొమ్మల కార్యక్రమాలను తెలుగులోకి మార్చి వేసేవారు. చివర్లో పేర్లు పరిగెత్తేవి. బొమ్మలు గీసినవాళ్ళవి, వాయిద్యాలు వాయించినవాళ్ళవి ఉండేవి. తెలుగులో మాట్లాడినవాళ్ళవి ఉండేవి కావు. ఉడుత తనంతట తానే మాట్లాడుతోందని పిల్లలు అనుకోవాలట. నాకు అదేమీ బాధనిపించలేదు. మోండా మార్కెట్లో వంకాయలు బేరమాడుతున్నప్పుడు ఎవరూ వెనక్కి తిరిగి చూడకపోవడం ఒక సుఖమే.

మాది కోస్తా నుంచి వచ్చిన కుటుంబం. నాన్నగారు రైల్వే ఉద్యోగం మీద సికింద్రాబాద్ వచ్చి ఇక్కడే ఉండిపోయారు. మా వాళ్ళలో మనిషి పుడితే టీచరన్నా కావాలి, రైల్వే అన్నా కావాలి. మూడోది ఉందని మాకు తెలియదు. నేను మిషన్ బడిలో మూడో తరగతికి చెప్పేదాన్ని, పెళ్ళాడింది రైల్వే ఆయన్ని. లెక్క సరిపోయిందనుకుని హాయిగా ఉన్నాం.

ఒక ఏడు బడి వార్షికోత్సవంలో మా తరగతి పిల్లలతో జంతువుల నాటకం వేయించాను. తెర లేవగానే ఆరు జంతువులూ బిగుసుకుపోయాయి. నక్కయితే ఏడుపు మొదలుపెట్టింది. ఇక చేసేదేముంది, తెర వెనక నిలబడి ఆరుగురి మాటలూ నేనే చెప్పేశాను. పిల్లలు నోళ్ళు మాత్రం ఆడించారు. అయ్యాక ఒకాయన తెర వెనక్కి వచ్చి, మాటలు చెప్పిన పిల్లలేరీ అని అడిగాడు. నేనే అన్నాను. ఆయన నా గొడుగు వంక, నా మొహం వంక చూసి, నా వెనక పిల్లలెవరైనా ఉన్నారేమోనని వెతికాడు.

ఆయన మా బడిలో చదివే ఒక పిల్లవాడి తండ్రి. మద్రాసులో సినిమాల డబ్బింగుకు పనిచేసి వచ్చి, క్లాక్ టవర్ వెనక సందులో ఒక పాత ఇంటి కింది భాగం తీసుకుని రికార్డింగ్ గది పెట్టాడు. శబ్దం పట్టేదీ ఆయనే, ఎలా చెప్పాలో నేర్పేదీ ఆయనే. మా ఇంట్లో ఆయన్ని సౌండాయన అనేవాళ్ళం. గోడలకు పరుపులు, తలుపుకు పరుపు. ఫ్యాన్ చప్పుడు మైకులో పడుతుందని ఎండాకాలంలోనూ ఫ్యాన్ వేయనిచ్చేవాడు కాదు. ఇంత చేసినా రైలు కూత మాత్రం లోపలికి వచ్చేది. కూత వస్తే చెప్పింది చెప్పినట్టు పోయినట్టే, మళ్ళీ మొదటి నుంచి. ఏ బండి ఎప్పుడు కూస్తుందో మా ఆయన ఒక కాగితం మీద రాసిచ్చాడు. రైల్వే వాళ్ళను పెళ్ళి చేసుకున్నందుకు నాకు కలిగిన లాభం అదొక్కటే అని ఆయనే అందరికీ చెప్పుకునేవాడు.

పని చెప్పుకోవడానికి చిన్నది. చెవుల్లో అసలు భాష వినిపిస్తుంటుంది, ఎదురుగా బొమ్మ కదులుతుంటుంది, చేతిలో తెలుగు కాగితం ఉంటుంది. ఉడుత నోరు తెరిచినప్పుడు తెరవాలి, మూసినప్పుడు మూయాలి. ఇంగ్లీషులో పిడికెడు మాట తెలుగులో దోసెడవుతుంది. ఉడుత నోరు మూసేలోపు మనం వాక్యం చివరికి చేరాలి. చేరకపోతే ఉడుత నోరు మూసుకుని కూడా మాట్లాడుతున్నట్టుంటుంది. అలా మాట్లాడేవాళ్ళు మా చర్చి కమిటీలో ఉన్నారు కానీ, ఉడుతల్లో బాగుండదు.

మాటలు నాకు రెండో రోజుకే పట్టుబడ్డాయి. నవ్వే పట్టుబడలేదు. ఆ ఉడుత ప్రతి కథలోనూ పది పన్నెండుసార్లు నవ్వుతుంది, దాని బతుకంతా నవ్వే. నేను నవ్వితే సౌండాయన అద్దం అవతల చేతులు కట్టుకుని తల అడ్డంగా ఊపేవాడు. ఇది పరీక్ష పేపర్లు దిద్దుతూ నవ్వే నవ్వు మేడం అన్నాడు ఒకసారి. నాకు ఒళ్ళు మండింది. బయటికొచ్చి బెంచీ మీద కూర్చున్నాను. అప్పుడు మా చర్చి క్వయర్ బెంచీ గుర్తొచ్చింది.

చిన్నప్పుడు క్వయర్‌లో, అంటే చర్చిలో పాటలు పాడే బృందంలో, పిల్లలం ముందు వరుసలో కూర్చునేవాళ్ళం. మా పాస్టరు అయ్యగారి ప్రార్థన ఒకసారి మొదలైతే, ఆయన సంఘంలో జబ్బుపడ్డ ప్రతివాళ్ళనూ పేరుపేరునా తలుచుకునేదాకా ఆగదు. కళ్ళు మూసుకుని అంతసేపు ఉంటే పిల్లలకు నవ్వు రాక ఏమొస్తుంది? నవ్వు బయటికి వచ్చిందా, వెనక వరుసలోంచి అమ్మ తొడపాశం పెడుతుంది. అందుకని మేము నవ్వును బయటికి వదిలేవాళ్ళం కాదు. ఊపిరి లోపలికి లాగుతూ నవ్వేవాళ్ళం. కడుపు ఎగురుతుంది, ముక్కులో చిన్న కీచు వస్తుంది, శబ్దం అంతా లోపలికే పోతుంది. దానికి మేము పెట్టుకున్న పేరు చర్చి నవ్వు.

లోపలికెళ్ళి మైకు ముందు కళ్ళు మూసుకుని ఆ నవ్వు నవ్వాను. సౌండాయన చేతులు విడిచాడు. ఇదెక్కడ నేర్చుకున్నారని అడిగితే చెప్పలేదు. దేవుడి సన్నిధిలో అని చెబితే ఏమనుకుంటాడో అనిపించింది.

ప్రతి కొత్త సీజన్ మొదటిరోజున సౌండాయన మైకు ముందు కొబ్బరికాయ కొట్టేవాడు. ఆ వెంటనే ముఖ్య పాత్రకు గొంతిచ్చేవాళ్ళు మొదటి మాట పలకాలి. అది ఆయన మద్రాసు నుంచి తెచ్చుకున్న ఆచారం. ఆయన కాయ కొడుతుంటే నేను తల వంచుకుని నా ప్రార్థన నేను చేసుకునేదాన్ని. నేను ప్రసాదం తిననని తెలిసి, దేవుడికి చూపించకముందే ఒక ముక్క విడిగా తీసి నా కాగితాల మీద పెట్టేవాడు. ఈ విషయం మేమిద్దరం ఎప్పుడూ మాట్లాడుకోలేదు. ముక్క మాత్రం ఏటా ఉండేది. తర్వాత మొదటి శబ్దం నాది. మాటకు బదులు నేను నవ్వేదాన్ని.

నాలుగో ఏడు బడి మానేశాను. రెండు పనులూ కుదరలేదు, ఏదో ఒకటి వదలాల్సి వచ్చింది. మా వాళ్ళంతా తలలు పట్టుకున్నారు. పెన్షన్ వచ్చే ఉద్యోగం వదిలి ఉడుతగా ఉండటానికి వెళ్ళినవాళ్ళు మా వంశంలో లేరు. మా ఆయన మాత్రం, చూడవే, పదవీ విరమణ లేని ఉద్యోగం దొరికింది, ఉడుతకు అరవై ఏళ్ళు రావు కదా అన్నాడు. ఆ మాట నాకు బాగా నచ్చింది. నేనూ అదే నమ్మాను.

ఉడుతకు శత్రువు ఒక కాకి. అది దొంగ. కాకి చేత ఈ ప్రాంతపు యాస మాట్లాడించాలని సౌండాయన నిర్ణయం. ఆయనొక్కడే కాదు, అప్పట్లో అందరూ అంతే. మంచివాళ్ళకు కోస్తా మాట, దొంగకూ తాగుబోతుకూ వంటవాడికీ తెలంగాణ మాట. పుట్టినప్పటి నుంచీ సికింద్రాబాద్ నీళ్ళు తాగుతున్న నాకు అందులో తప్పేమీ కనబడలేదు. తర్వాత కనబడిందని గొప్పలు చెప్పుకోను. ఒకరు అడిగేదాకా కనబడలేదు, అంతే.

కాకి కోసం వచ్చిన అమ్మాయిది బోయిన్‌పల్లి. వాళ్ళ నాన్న కూరగాయల మార్కెట్లో వేలం పాడతాడు. ఇరవై ఏళ్ళుంటాయి, సన్నగా ఉండేది, గొంతు మాత్రం టమాటా గంపలన్నీ దాటుకుని అవతలి గేటు దాకా పోయే గొంతు. మైకు ముందు నిలబడ్డ మొదటిరోజే సౌండాయన లేచి మైకును రెండడుగులు వెనక్కి జరిపాడు. తన వంతు అయ్యాక కూడా వెళ్ళేది కాదు. అద్దం అవతల బెంచీ మీద కూర్చుని, నా పని అయ్యేదాకా నన్నే చూస్తుండేది. బస్సు కోసం చూస్తోందనుకున్నాను. ఏడేళ్ళు అలాగే అనుకున్నాను. ఆవలిస్తే పేగులు లెక్కపెట్టే రకం నేను అని మా వీధిలో పేరు. ఆ పేరు ఎవరు పెట్టారో గానీ, పొరపాటు పడ్డారు.

పదో ఏట గొంతులో చిన్న వాపు మొదలైంది. బయటికి తెలియకుండా చీర కొంగు మెడ చుట్టూ కప్పుకునేదాన్ని. కరక్కాయ ముక్క బుగ్గన పెట్టుకుని పని చేశాను. మిరియాల పాలు తాగాను. పై స్థాయిలో మాట చివర కొద్దిగా చీలిపోతుంటే, దగ్గు వచ్చినట్టు నటించి మళ్ళీ చెప్పేదాన్ని. ఒకనాడు మా ఆయన భోజనం దగ్గర, ఉడుతకు జలుబు చేసి ఆరు నెలలైంది, డాక్టరుకు చూపిద్దామా అన్నాడు. చూపించాం. థైరాయిడ్ అన్నారు, తీసేయాలన్నారు. ఆపరేషన్ తర్వాత మాట ఉంటుంది, పై స్థాయి ఉండొచ్చు, ఉండకపోవచ్చు అన్నాడు డాక్టరు. మీరేమైనా పాటలు పాడతారా అని అడిగాడు. లేదన్నాను. ఉడుతనని ఎలా చెప్పను?

పై స్థాయి పోయింది. మామూలు మాట తిరిగొచ్చింది, కాస్త బొంగురుగా. ఫోన్‌లో మాట్లాడితే అవతలివాళ్ళు సార్ అనడం మొదలుపెట్టారు. నాలుగు నెలలపాటు పాత కథలే తిరిగి తిరిగి వేశారు. సౌండాయన ఆ నాలుగు నెలలు ఎవరితో ఏం చెప్పి సంపాదించాడో నాకు తెలియదు. నేను రోజూ పొద్దున్నే స్నానాల గదిలో తలుపేసుకుని ఉడుతను పిలిచేదాన్ని. రాలేదు. బడి లేదు, ఉడుత లేదు, మరి నేనెవరిని? ఈ ప్రశ్న నన్ను నిజంగా భయపెట్టింది. మెడ మీద కుట్ల కంటే అదే ఎక్కువ నొప్పి పెట్టింది.

ఐదో నెలలో గదికి వెళ్ళి మైకు ముందు నిలబడ్డాను. ఒక్క వాక్యం. సగంలో గొంతు చిరిగిపోయింది. మళ్ళీ చెప్పాను, మళ్ళీ చిరిగింది. సౌండాయన అద్దం అవతల చేతులు కట్టుకోలేదు, తల ఊపలేదు. తల వంచుకుని ఏదో మీట తుడుస్తూ కూర్చున్నాడు. నేను బయటికి వచ్చి గొడుగు తీసుకున్నాను. అప్పుడు ఆయన నెమ్మదిగా చెప్పాడు. కాకి అమ్మాయి ఉడుత గొంతు పడుతోందట, దాదాపు అచ్చం. యాస ఒక్కటే అడ్డం. ఒక నెల రోజులు మీరు కూర్చోబెట్టి నేర్పగలరా మేడం అన్నాడు. నన్ను పాతిపెట్టే గుంట నన్నే తవ్వమన్నట్టు అనిపించింది. సరే అన్నాను. కాదంటే ఇంకొకరి చేత నేర్పిస్తారు, వాళ్ళు తప్పులు నేర్పుతారు. అది నేను చూడలేను.

నెల రోజులు ఆ అమ్మాయి బోయిన్‌పల్లి నుంచి మా ఇంటికి వచ్చింది. వచ్చినప్పుడల్లా చేతిలో కొత్తిమీరో, బెండకాయలో ఒక సంచి. ముందు గదిలో ఎదురెదురుగా కూర్చునేవాళ్ళం. నేను బెత్తం పట్టుకోలేదన్న మాటే గానీ, తక్కినదంతా మూడో తరగతే. దీర్ఘం తగ్గిందని ఒకసారి, మాట తుంచేశావని ఒకసారి, ఊరికే ఒకసారి కోప్పడ్డాను. ఆ పిల్ల ఒక్కరోజు కూడా మొహం మాడ్చుకోలేదు. ఒకనాడు మాత్రం కాగితం ఒళ్ళో పెట్టుకుని అడిగింది.

"ఉడుత బోయిన్‌పల్లిల పుడితె ఎట్ల మాట్లాడుతది మేడం?"

పాఠం చూడు, పాఠం అన్నాను. టీచర్లకు జవాబు తెలియనప్పుడు అనే మాటే అది. ఆ పిల్ల పాఠం చూసింది.

నెలాఖరుకు మాటలన్నీ వచ్చేశాయి. అక్షరం పొల్లు పోకుండా వచ్చాయి. చివరిరోజు వెళ్ళబోతూ గుమ్మం దగ్గర ఆగి, ఆ నవ్వు ఎట్ల నవ్వుతరు మేడం అని అడిగింది. చెప్పడానికి అరనిమిషం పట్టదు. ఊపిరి లోపలికి లాగు, ముక్కు బిగించు, కళ్ళు మూసుకో, అంతే. నాకు ఆ క్షణం బాగా గుర్తుంది. ఎదురింటి మేడ మీద ఎవరో బొంత దులుపుతున్నారు.

"అది నేర్పితే వచ్చేది కాదమ్మా. పుట్టుకతో రావాలి" అన్నాను.

అబద్ధం. సరే మేడం అని చెప్పులు వేసుకుని వెళ్ళిపోయింది. తలుపు వేసి, నేను చేసింది తప్పని నాకు నేనే చెప్పుకున్నాను. కానీ వెనక్కి పిలవలేదు. అన్నీ ఇచ్చాను, ఒక్కటి ఉంచుకున్నాను, ఎవరికేం నష్టం అనుకున్నాను.

వారం తర్వాత సౌండాయన ఫోన్ చేశాడు. మాటలు బాగా వచ్చాయి, నవ్వు మాత్రం ఆ అమ్మాయికి రావడం లేదు, మీ పాత నవ్వులు నా దగ్గర కంప్యూటర్లో బోలెడున్నాయి, అవే కత్తిరించి అతికిస్తాను, మీకు అభ్యంతరమా అని అడిగాడు. అభ్యంతరమా! ఫోన్ పెట్టేసి ఆ పూట సేమియా పాయసం చేశాను. ఎందుకని మా ఆయన అడిగితే ఊరికే అన్నాను. ఆయన నా మొహం చూసి ఇంకో కప్పు పెట్టించుకున్నాడు.

ఆ తర్వాత నాలుగు సీజన్లు అలాగే నడిచాయి. మాట ఆమెది, నవ్వు నాది. సాయంత్రం నాలుగున్నరకు టీవీ పెట్టుకుని కూర్చునేదాన్ని. మాటలు వస్తున్నంతసేపూ తప్పులు వెతికేదాన్ని, నవ్వు రాగానే వెనక్కి వాలేదాన్ని. పక్కింటి పిల్లలు వచ్చి నా కాళ్ళ దగ్గర కూర్చుని చూసేవారు. ఉడుత నవ్వితే వాళ్ళూ నవ్వేవారు, మాటలకు కాదు. చూశావా, ఎంత బాగా మాట్లాడినా నవ్వు నాదే కావాల్సి వచ్చింది అని లోలోపల అనుకునేదాన్ని. చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది కానీ, ఆ మాట మీదే నేను ఆ నాలుగు సీజన్లూ బతికాను. కొబ్బరికాయ కొట్టే రోజున నన్నూ పిలిచేవారు. ఆమె మైకు ముందు ఒక మాట పలికేది, నేను బెంచీ మీద కూర్చునేదాన్ని. నా ముక్క విడిగా ఉండేది.

క్లాక్ టవర్ వెనక ఆ పాత ఇల్లు పడగొడుతున్నారని, గదిని వేరేచోటికి మారుస్తున్నారని తెలిసింది. సామాను సర్దుతూ సౌండాయన నాకు ఒక సీడీ పంపించాడు. మీ ఉడుతవన్నీ ఇందులో ఉన్నాయి, దాచుకోండి అని చిన్న చీటీ. మధ్యాహ్నం వంటిల్లు సర్దుకుని, కంప్యూటర్ ముందు కూర్చుని పెట్టుకున్నాను. నా మాటలు, నా ఏడుపులు, నేను చెట్టు మీంచి పడిన పాట్లు. తర్వాత నవ్వులు వరసగా వచ్చాయి. ఒకటి, రెండు, మూడు. వింటూ కూర్చున్నాను. పదకొండో నవ్వు అయ్యాక చిన్న దగ్గు వినబడింది. దగ్గిన మనిషి నేను కాదు.

"సార్, ఇవి తీసెయ్యుండ్రి" అంది ఆ అమ్మాయి గొంతు. "నవ్వు మేడందే ఉండనీయుండ్రి. మొత్తం మనమే గుంజుకుంటే ఆమెకేం మిగులుతది?"

దూరం నుంచి సౌండాయన గొంతు వచ్చింది. "మరి ఆవిడకేం చెప్పను?"

"నాకు వస్తలేదని చెప్పుండ్రి."

అక్కడితో అయిపోయింది. నేను వెనక్కి జరిపి ఆ పదకొండు నవ్వులూ మళ్ళీ విన్నాను. నావే అనుకుని విన్నవి అవి. ఊపిరి లాగడం, ముక్కులో కీచు, చివర చిన్న ఎక్కిళ్ళు, అన్నీ ఉన్నాయి. నేను నేర్పలేదు. అద్దం అవతల బెంచీ మీద కూర్చుని ఏడేళ్ళు చూసి నేర్చుకుంది. తాడిని తన్నేవాడి తలదన్నేవాడు ఉంటాడని ఊరికే అనలేదు. మా ఇంటి గుమ్మం దగ్గర ఆగి అడిగిన రోజుకు ఆమెకు ఆ నవ్వు వచ్చేసే ఉంటుంది. మరెందుకడిగింది? నేను ఇస్తానేమో చూద్దామని అడిగి ఉంటుంది.

మొదట కోపమొచ్చింది. జాలా? నా మీదా? కూరగాయల మార్కెట్ పిల్ల నా మీద జాలి పడటమేమిటి? వంటింట్లోకి వెళ్ళి, తోమిన గిన్నెలే మళ్ళీ తోమాను. సాయంత్రం మా ఆయన వస్తే సీడీ పెట్టి వినిపించాను. ఆయనకు అప్పుడే నేను చెప్పిన అబద్ధం కూడా చెప్పాను. ఆయన మాటకు ముందు వేళాకోళం పుట్టే మనిషి. ఆ రోజు వేళాకోళం చేయలేదు. నువ్వు ఇవ్వలేదు, ఆమె తీసుకోలేదు, ఇద్దరిలో ఎవరు పెద్దవాళ్ళో నువ్వే చెప్పు అన్నాడు. నాకు ఏడుపొచ్చింది. నా మామూలు బొంగురు గొంతుతో, బయటికే ఏడ్చాను.

సౌండాయన సీడీలో ఆ ముక్క పొరపాటున పెట్టాడా, కావాలని పెట్టాడా అన్నది నేను అడగలేదు. కొత్త గదిలో కొబ్బరికాయ కొట్టే రోజున నమస్కారం పెట్టాను. ఆయన నా వంక చూడకుండా వైర్లు సరిచేస్తూ నమస్కారం పెట్టాడు. నాకు అది చాలు. ఆ అమ్మాయి ముందే వచ్చి ఉంది. అప్పటికి పెళ్ళయింది, ఒళ్ళు చేసింది. మా ఇంటికి వచ్చిన రోజుల్లోలాగే నా కోసం సంచిలో చిక్కుడుకాయలు తెచ్చింది. నేను సంచి తీసుకుని, ఆమె చెయ్యి పట్టుకుని పక్క గదిలోకి తీసుకెళ్ళాను.

ఈ సీజన్ నుంచి నవ్వు కూడా నువ్వే నవ్వాలి అన్నాను.

"నాకు రాదు మేడం" అంది. నా కళ్ళలోకి చూసే అంది. రెప్ప కూడా కదలలేదు. మంచి నటి.

విన్నాను అని చెబుదామనుకున్నాను. సీడీ గురించి నోటిదాకా వచ్చింది. చెబితే ఆమె ఇన్నాళ్ళూ దాచిపెట్టింది నేను లాగేసినట్టవుతుంది. ఒకసారి తలుపు దగ్గర చేసిన పని చాలదా?

"నేర్పితే రాదని నీకు అప్పుడు అబద్ధం చెప్పాను" అన్నాను. "నేర్పితే వస్తుంది. కూర్చో."

కూర్చుంది. నేనూ ఎదురుగా కూర్చున్నాను. క్వయర్ బెంచీ సంగతి చెప్పాను, అయ్యగారి ప్రార్థన సంగతి చెప్పాను, అమ్మ తొడపాశం సంగతి చెప్పాను. ఊపిరి బయటికి వదలకు, లోపలికి లాగు అన్నాను. ముక్కు బిగించి చూపించాను. పోయిన గొంతుతో ఎంత చూపించగలనో అంతే చూపించాను. ఆమె పలక పట్టుకున్న పిల్లలాగా తలూపుతూ వింది. ఒకసారి ప్రయత్నించింది, దగ్గొచ్చింది. రెండోసారి ఊపిరి బయటికి వదిలేసింది. ఛీ, కాదు కాదు, లోపలికి అన్నాను. నిజంగానే విసుక్కున్నాను. పాఠం చెప్పేటప్పుడు నాకు నటన రాదు. మూడోసారి కళ్ళు మూసుకుని నవ్వింది.

"ఇంత తొందరగా ఎవరికీ రాదు" అన్నాను.

"మీరు మంచిగ చెప్పిన్రు మేడం" అంది.

సౌండాయన కొబ్బరికాయ కొట్టాడు. నేను బెంచీ మీద తల వంచుకుని ప్రార్థన చేసుకున్నాను. ఆమె మైకు ముందుకు వెళ్ళింది. ఆ సీజన్‌కు మొదటి శబ్దం ఆమె నవ్వు. తప్పు పట్టుకుందామని చెవులు రిక్కించుకుని విన్నాను. ఒక్కటి కూడా దొరకలేదు.